జిమ్ బ్రాడ్‌బెంట్ సినిమాలు: ఏది ముందు, ఏది తర్వాత

జిమ్ బ్రాడ్‌బెంట్ అని పేరు చెబితే గుర్తుపట్టేవాళ్లు తక్కువ. ఫొటో చూపిస్తే మాత్రం 'ఓ, ఈయనా' అంటారు. హ్యారీ పోటర్ అభిమానులకు ఆయన కషాయాల పాఠం చెప్పే ప్రొఫెసర్ స్లగ్‌హార్న్. ఇంకాస్త చిన్నపిల్లలకు ప్యాడింగ్టన్ ఎలుగుబంటి స్నేహితుడు, పాత సామాన్ల కొట్టు గ్రూబర్ తాత. పెద్దవాళ్లకు బ్రిడ్జెట్ జోన్స్ తండ్రి. 'గేమ్ ఆఫ్ థ్రోన్స్' ఏడో సీజన్‌లో పుస్తకాల మధ్య కూర్చుని శిష్యుడికి చీవాట్లు పెట్టే ముసలి ఆచార్యుడు కూడా ఆయనే. మన దగ్గర ఇలాంటివారిని క్యారెక్టర్ ఆర్టిస్టు అంటాం. హీరో కాడు, విలన్ కాడు, ఆయన లేకపోతే కథ నిలబడదు.

1949లో ఇంగ్లండులోని లింకన్‌షైర్‌లో పుట్టాడు. తల్లిదండ్రులు ఊళ్లో నాటకాలు వేసేవాళ్లు. రెండో ప్రపంచయుద్ధంలో తుపాకీ పట్టబోమని చెప్పి, పొలం పనికి వెళ్లినవాళ్లు. కొడుకు 1972లో లండన్‌లోని లామ్డా నాటక పాఠశాల నుంచి బయటికి వచ్చాడు. అప్పటి నుంచి ఇప్పటిదాకా పనిలోనే ఉన్నాడు. అన్నేళ్ల పనిలో ఏది ఎంచుకోవాలన్నదే చిక్కు.

ఎవరైనా అడిగితే నేను చాలాకాలం 'ఐరిస్' చూడమని చెప్పేవాణ్ణి. ఆయనకు ఆస్కార్ వచ్చిన సినిమా కదా. చూసినవాళ్లు తిరిగొచ్చి, కథానాయిక వేషం వేసిన జూడి డెంచ్ గురించి 'ఎంత బాగా చేసిందో' అనేవాళ్లు. తప్పు వాళ్లది కాదు, నాది. బ్రాడ్‌బెంట్ ఒక్క సినిమాలో దొరికే మనిషి కాడు. ఒక వేషాన్ని ఇంకో వేషం పక్కన పెట్టి చూస్తేనే ఆయన పనితనం బయటపడుతుంది. అందుకే ఇప్పుడు జంటలుగా చెబుతున్నాను. రెండూ చూసే తీరిక లేనివారికి ప్రతి జంటలో ఏది వదిలేయవచ్చో కూడా చెబుతాను.

ఒక్క మాట ముందుగా. వీటిని డబ్బింగులో చూడకండి. ఆయన నటనలో సగం గొంతులో ఉంటుంది. లండన్ యాస, న్యూకాసిల్ యాస మనకు ఒక పట్టాన కొరుకుడు పడవు కాబట్టి సబ్‌టైటిళ్లు పెట్టుకుని, గొంతు మాత్రం అసలుది వినండి.

ఇద్దరు భర్తలు: 'ఐరిస్', 'ది ఐరన్ లేడీ'

ఈ జంట విచిత్రమైనది. రెండింటిలోనూ బ్రాడ్‌బెంట్ ఒక ప్రసిద్ధ మహిళ భర్త. రెండింటిలోనూ ఆ భార్యకు వృద్ధాప్యంలో మతి తప్పుతుంది. రెండూ నిజంగా బతికిన మనుషుల కథలే. 'ఐరిస్' 2001లో వచ్చింది, దర్శకుడు రిచర్డ్ ఐర్. నవలా రచయిత్రి ఐరిస్ మర్డాక్‌కు అల్జీమర్స్ వస్తే, భర్త జాన్ బేలీ ఆమెను ఇంట్లోనే చూసుకున్నాడు. ఆయన రాసిన జ్ఞాపకాలే సినిమాకు ఆధారం. 'ది ఐరన్ లేడీ' 2011 నాటిది. అందులో బ్రిటన్ మాజీ ప్రధాని మార్గరెట్ థాచర్‌గా మెరిల్ స్ట్రీప్, భర్త డెనిస్‌గా బ్రాడ్‌బెంట్. తేడా అల్లా ఒకటే. మొదటిదాంట్లో భార్య మెల్లమెల్లగా మాయమవుతుంటే భర్త మిగిలి ఉంటాడు. రెండోదాంట్లో భర్త ఎప్పుడో చనిపోయాడు, ఆమె మనసులో మాత్రం ఇంకా ఎదురుగా కూర్చుని ఫలహారం చేస్తుంటాడు.

బేలీ కొంచెం నత్తి ఉన్న మనిషి. బ్రాడ్‌బెంట్ ఆ నత్తిని హాస్యానికి వాడుకోలేదు. పెళ్లయినప్పటి నుంచి భార్య తెలివికి దాసోహమన్న మనిషి మాట తడబడడం లాగే ఉంటుంది అది. ఒక రాత్రి పక్క మీద ఆయన ఓపిక తెగిపోతుంది. ఎప్పటెప్పటివో పాత అసూయలన్నీ కక్కేస్తూ, అర్థం చేసుకునే స్థితిలో లేని భార్య మీద అరుస్తాడు. అరిచిన మరుక్షణమే కుంచించుకుపోతాడు. రోగిని చూసుకునేవారిని దేవతలుగా చూపించే సినిమాలు బోలెడున్నాయి. వాళ్లకు కోపం వస్తుందని, ఆ కోపం చాలా నీచంగా కూడా ఉండవచ్చని ఇంత నిజాయితీగా చూపించినవి తక్కువ.

ఈ వేషంతో ఒక తమాషా కూడా ఉంది. ఇదే పాత్రకు బ్రిటన్‌లోని బాఫ్టా వాళ్లు ఆయన పేరును ప్రధాన నటుల జాబితాలో చేర్చారు. అమెరికాలో ఆస్కార్ ఇచ్చింది సహాయ నటుడిగా. ఆ ఏడాది బాఫ్టా సహాయ నటుడి బహుమతి కూడా ఆయనకే వచ్చింది గాని, 'ఐరిస్'కు కాదు, 'మూలాన్ రూజ్'కు. క్యారెక్టర్ ఆర్టిస్టు అంటే ఎవరో తేల్చుకోలేక రెండు దేశాలూ తికమకపడ్డాయన్న మాట.

డెనిస్ థాచర్ వేషం పైకి ఆటలో అరటిపండులా కనిపిస్తుంది. సినిమా అంతా స్ట్రీప్‌దే. ఈయన పని అప్పుడప్పుడూ కనిపించి చమత్కారం విసిరి వెళ్లడం. కానీ ఆ తేలికదనం లేకపోతే సినిమా ఊపిరాడనివ్వదు. దెయ్యం వేషం వేసేటప్పుడు ఏ నటుడికైనా కాస్త గంభీరంగా చేద్దామనిపిస్తుంది. బ్రాడ్‌బెంట్ డెనిస్ మాత్రం బతికున్నవాళ్లకంటే హుషారుగా ఉంటాడు. ఆమె ఆయన బట్టలు సర్దేసి పంపించేయాల్సి వచ్చినప్పుడు మనకు గుండె పట్టేసేది అందుకే.

ఒకటే చూడగలిగితే 'ఐరిస్', అందులో సందేహం లేదు. నిడివి గంటన్నరే. అయితే ఇంట్లో మతిమరుపు జబ్బున్న పెద్దవాళ్లను చూసుకుంటున్నవారు దీన్ని ఇప్పుడు చూడవద్దనే చెబుతాను. ఆ రోజులు గడిచాక చూడండి. మరీ ముఖ్యంగా బ్రాడ్‌బెంట్‌తో పరిచయానికి ఇది మొదటి సినిమా కాకూడదు. మొదట ఇదే చూస్తే ఆయన కన్నీళ్ల నటుడనుకుంటారు. ఆ తర్వాత ఆయన నవ్వించినా మీకు నవ్వు రాదు.

ఇద్దరు నాటకాలవాళ్లు: 'టాప్సీ టర్వీ', 'మూలాన్ రూజ్'

రెండింటి మధ్య రెండేళ్ల తేడా. రెండూ పందొమ్మిదో శతాబ్దపు రంగస్థలం చుట్టూ తిరిగేవే. ఒకే నటుడన్న సంగతి మాత్రం చెబితే తప్ప నమ్మలేం.

'మూలాన్ రూజ్'లో ఆయన ప్యారిస్ నృత్యశాల యజమాని హెరాల్డ్ జిడ్లర్. ఎర్రటి ముఖం, భారీ కాయం, పళ్లన్నీ కనిపించే నవ్వు. మడోన్నా పాటను డ్యూక్‌తో కలిసి ఆడిపాడే ఘట్టంలో సిగ్గన్నది పూర్తిగా వదిలేశాడు. దర్శకుడు బాజ్ లూర్మన్ ఆర్భాటానికి అలవాటుపడినవారికి ఇది పండగ. నాకు మాత్రం పావుగంటకే తలనొప్పి మొదలవుతుంది. అది సినిమా తప్పో నా వయసు తప్పో తేల్చుకోలేదు.

1999 నాటి 'టాప్సీ టర్వీ' మైక్ లీ తీసిన సినిమా. విక్టోరియా కాలపు లండన్‌లో సంగీత నాటకాలతో పేరు మోసిన జంట గిల్బర్ట్, సలివన్. ఇద్దరికీ చెడి, కొత్త నాటకం కుదరక ఆగిపోయిన సమయంలో కథ మొదలవుతుంది. 1885లో సవాయ్ థియేటర్‌లో, జపాన్‌లో జరిగే కథతో రాసిన 'మికాడో' తెర లేచేదాకా నడుస్తుంది. సంగీతం కట్టే సలివన్ అలన్ కార్డునర్, మాటలు, పాటలు రాసే గిల్బర్ట్ మన బ్రాడ్‌బెంట్. వెనిస్ చిత్రోత్సవంలో ఉత్తమ నటుడి బహుమతి తెచ్చిపెట్టింది ఈ వేషమే.

గిల్బర్ట్ ముభావి. నవ్వించే మాటలు రాస్తాడు గాని, తాను నవ్వడు. చదువుకునే గదిలో అటూ ఇటూ పచార్లు చేస్తుంటే గోడకు తగిలించిన జపాన్ కత్తి ఊడి కింద పడుతుంది. తీస్తాడు, ఒరలోంచి లాగుతాడు, చిన్నపిల్లవాడిలా ఊరికే తిప్పుతాడు, బల్ల మీద పెడతాడు. అప్పుడు కెమెరా ఆయన ముఖం మీద ఆగుతుంది. మాటేమీ ఉండదు. కళ్లలో ఎక్కడో లోపల దీపం వెలిగినట్టు, మెల్లగా, మీసం కింద దాచుకున్న చిరునవ్వొకటి బయలుదేరుతుంది. ఒక రచయితకు ఆలోచన తట్టిన క్షణాన్ని తెర మీద చూపించడం దాదాపు అసాధ్యం. ఆంగికం, వాచికం, ఆహార్యం ఎవరైనా నేర్పవచ్చు, సాత్వికం నేర్పలేరని మన నాట్యం గురువులు అంటారే, అదేమిటో చూడాలంటే ఆ ఒక్క నిమిషం చాలు.

పరిషత్తు నాటకాలు వేసినవారు, కనీసం రిహార్సళ్ల గదిలో ఓ మూల కూర్చున్నవారు ఈ సినిమాలో తమ ఇంటి వాసన పట్టేస్తారు. ఒక్క మాట ఒత్తు కోసం పదిసార్లు చెప్పించడం, నటుడి అలక, దుస్తులు బిగుతంటూ పేచీ. ప్రదర్శనకు ముందు గిల్బర్ట్ ఒక పాటను నిర్దాక్షిణ్యంగా కత్తిరిస్తాడు. ఆ పాట పాడాల్సిన నటుడు టిమోతీ స్పాల్. ఆయన ముఖం వాడిపోతుంది. తర్వాత కోరస్‌లోని చిన్న కళాకారులంతా గుంపుగా వచ్చి, పెద్దమనిషి ముందు నిలబడి, ఆ పాట ఉంచమని అడుగుతారు. ఎప్పుడూ ఎదురు చెప్పనివాళ్లు నోరు విప్పేసరికి గిల్బర్ట్‌కు ఏం చేయాలో తోచదు. ఎదుటివాళ్లు నటిస్తున్నప్పుడు తాను నిలబడి వినడం ఎలాగో బ్రాడ్‌బెంట్‌కు తెలిసినంతగా చాలామంది హీరోలకు తెలియదు.

చిక్కల్లా నిడివితోనే. రెండు గంటల నలభై నిమిషాలు. మొదటి గంట నత్తనడకలా అనిపిస్తుంది. రెండు రాత్రులుగా చూసినా నష్టం లేదు. ఈ జంటలో నా ఓటు ఎటో చెప్పనక్కర్లేదు. 'మూలాన్ రూజ్' వదిలేసినా పర్వాలేదు, జిడ్లర్ పాటను విడిగా చూసుకోండి.

మైక్ లీ ఇంటి మనుషులు: 'లైఫ్ ఈజ్ స్వీట్', 'అనదర్ ఇయర్'

మైక్ లీ పద్ధతి వేరు. ముందు స్క్రిప్టు ఉండదు. నటులతో నెలల తరబడి కూర్చుని ఒక్కొక్క పాత్రకు పుట్టుక నుంచి చరిత్ర అల్లుతాడు, ఆ కసరత్తులోంచి మాటలు పుడతాయి. బ్రాడ్‌బెంట్ ఆయనతో 1979లో 'ఎక్‌స్టసీ' నాటకం నుంచీ ఉన్నాడు.

1990 నాటి 'లైఫ్ ఈజ్ స్వీట్'లో ఆయన ఆండీ అనే వంటవాడు. పెద్ద వంటశాలలో జీతానికి పనిచేస్తూ సొంత వ్యాపారం కల కంటాడు. ఒక మిత్రుడి మాట నమ్మి తుప్పుపట్టిన తినుబండారాల బండి ఒకటి కొని ఇంటి ముందు నిలబెడతాడు. ఆ బండి ఎప్పటికీ కదలదని భార్యకు తెలుసు, కూతుళ్లకు తెలుసు, బహుశా అతనికీ తెలుసు. చివరికి వంటశాలలో నేల మీద పడిన చెంచా మీద జారి కాలు విరగ్గొట్టుకుంటాడు. కష్టాన్ని ఇంత చిల్లరగా, ఇంత ముద్దుగా చూపించవచ్చా అనిపిస్తుంది.

ఇరవై ఏళ్ల తర్వాత 2010లో 'అనదర్ ఇయర్'. ఇందులో ఆయన టామ్, భూగర్భ శాస్త్రవేత్త. భార్య పేరు జెరీ. కార్టూన్ జోకు వాళ్లకూ తెలుసు. పెరటి కూరగాయలు, మంచి వంట, ఒకరినొకరు విసిగించని దాంపత్యం. వీళ్లింటికి ఏడాది పొడుగునా ఒంటరివాళ్లు వస్తూ పోతూ ఉంటారు. అందరిలోకీ ముఖ్యురాలు మేరీ, ఆ వేషం లెస్లీ మ్యాన్‌విల్‌ది. ఆమె తాగి తన గోడు వెళ్లబోసుకుంటుంటే టామ్ మర్యాదగా వింటాడు, గ్లాసు నింపుతాడు, మధ్యలో భార్య వైపు ఒక్క చూపు చూస్తాడు. ఆ చూపులో జాలి ఉంది. 'మళ్లీ మొదలైంది' అన్న విసుగూ ఉంది. సుఖంగా ఉన్నవాళ్ల దయలో కొంచెం క్రూరత్వం కలిసే ఉంటుందని ఆ చూపే చెబుతుంది. టామ్ మంచివాడా కాదా అని మా ఇంట్లో ఇప్పటికీ వాదన తేలలేదు.

కథ మొదట్లోనే పట్టేయాలనుకునేవారికి 'లైఫ్ ఈజ్ స్వీట్' నయం, నవ్వు ఎక్కువ. నలభై దాటినవారికి 'అనదర్ ఇయర్'. బ్రాడ్‌బెంట్‌తో పరిచయం ఎక్కడ మొదలుపెట్టాలని ఒక్క ముక్కలో చెప్పమంటే నా జవాబు కూడా అదే. అందులో ఆయన 'నటిస్తున్నట్టు' ఒక్క చోట కూడా కనిపించడు. అది చూశాక మిగతావి చూస్తే ఎంత దూరం వెళ్లగలడో అర్థమవుతుంది.

టీవీ పని

సినిమాలు చూసి టీవీని వదిలేయడం పొరపాటు. 2006లో వచ్చిన 'లాంగ్‌ఫర్డ్' గంటన్నర టీవీ చిత్రం. రాసింది పీటర్ మోర్గన్, తీసింది టామ్ హూపర్. 1960లలో ఇయన్ బ్రేడీతో కలిసి పిల్లల్ని చంపిన మైరా హిండ్లీ అనే స్త్రీ జైల్లో ఉంది. దేశమంతా ఆమెను రాక్షసి అంటుంటే, లార్డ్ లాంగ్‌ఫర్డ్ అనే క్యాథలిక్ పెద్దమనిషి ఆమెలో పశ్చాత్తాపం ఉందని నమ్మి, విడుదల చేయమని ఏళ్ల తరబడి పోరాడాడు. పరువు పోయింది, నవ్వులపాలయ్యాడు. బట్టతల, ముక్కు, కళ్లజోడుతో బ్రాడ్‌బెంట్‌ను గుర్తుపట్టడమే కష్టం. అసలు గొప్పదనం ఆహార్యంలో లేదు. ఈ మనిషి మహాత్ముడా, వట్టి అమాయకుడా అన్న ప్రశ్నకు ఆయన ఎటూ మొగ్గడు. బాఫ్టా, గోల్డెన్ గ్లోబ్ రెండూ వచ్చాయి. విషయం బరువైనది, పిల్లలతో కూర్చుని చూసేది కాదు. టీవీలో ఒక్కటే చూస్తానంటే ఇదే చూడండి.

జిమ్మీ మెక్‌గవర్న్ రాసిన 'ది స్ట్రీట్'లో రిటైర్మెంటు దగ్గరపడ్డ కార్మికుడి వేషానికి అంతర్జాతీయ ఎమ్మీ వచ్చింది. 2010 నాటి 'ఎనీ హ్యూమన్ హార్ట్' నాలుగు భాగాలు. ఒకే మనిషి జీవితాన్ని వయసును బట్టి వేర్వేరు నటులు పంచుకున్నారు, ముసలితనం ఈయన వాటా. సెలవు రోజుల్లో తీరిగ్గా చూడదగ్గది.

ఇక 'ఓన్లీ ఫూల్స్ అండ్ హార్సెస్'. బ్రిటన్‌లో ఇంటింటా చూసిన ఈ హాస్య ధారావాహికలో కథానాయకుడు డెల్ బాయ్ వేషం ముందు ఈయన దగ్గరికే వచ్చింది. వేరే పని ఒప్పుకుని ఉండడంతో వదులుకున్నాడు. అది చేసి ఉంటే జీవితాంతం జనం ఆయన్ను డెల్ అనే పిలిచేవారు, గిల్బర్ట్‌నూ లాంగ్‌ఫర్డ్‌నూ మనం చూసేవాళ్లం కాదేమో. తర్వాత అందులోనే రాయ్ స్లేటర్ అనే లంచగొండి పోలీసుగా మూడుసార్లు కనిపించాడు. మంచివాళ్ల వేషాలు చూసి చూసి ఈయనకు చెడు చేతకాదని ఎవరైనా అంటే స్లేటర్‌ను చూపించండి. ఆ కుళ్లు నవ్వు ఆ మూడు ఎపిసోడ్లకే పరిమితం.

నలుగురు ముసలివాళ్లు

అరవై దాటాక ఆయనకు ప్రధాన వేషాలు వరుసకట్టాయి. ఇక్కడ జంట కుదరదు, నాలుగున్నాయి. ఎవరితో కలిసి చూస్తున్నారన్న దాన్ని బట్టి ఎంచుకోవాలి.

అమ్మానాన్నలతో అయితే కళ్లు మూసుకుని 'ది డ్యూక్' పెట్టండి. రోజర్ మిషెల్ తీసిన ఇది 2020 నాటి సినిమా, భార్యగా హెలెన్ మిరెన్. 1961లో లండన్ నేషనల్ గ్యాలరీ నుంచి గోయా గీసిన వెల్లింగ్టన్ డ్యూక్ చిత్రపటం పోయింది. దాన్ని కొనడానికి పెట్టిన సొమ్ము 1,40,000 పౌండ్లు. దొంగతనం నా పనే అన్నది న్యూకాసిల్‌కు చెందిన కెంప్టన్ బన్టన్ అనే ముసలాయన. బ్రిటన్‌లో ఇంట్లో టీవీ చూడాలంటే లైసెన్సు రుసుము కట్టాలి, ఆ సొమ్ముతోనే బీబీసీ నడుస్తుంది. పెన్షనర్లకు ఆ రుసుము ఉండకూడదన్నది ఆయన ఉద్యమం. మా టీవీకి బీబీసీ రాదు కాబట్టి రుసుము కట్టనని, లోపలి కాయిల్ పీకేసి మరీ వాదించే రకం. కోర్టు బోనులో నిలబడి ఆయన చెప్పే సమాధానాలకు జ్యూరీతో పాటు మనమూ నవ్వుతాం. ఆ జ్యూరీ ఆయన్ను చిత్రపటం దొంగతనంలో నిర్దోషి అని, ఫ్రేము దొంగతనంలో మాత్రం దోషి అని తేల్చింది. ఇది సినిమా కల్పన కాదు, 1965లో నిజంగా వచ్చిన తీర్పు.

భార్యాభర్తలు ఇద్దరే చూసేటట్టయితే 2013 నాటి 'ల వీకెండ్'. ఇదీ రోజర్ మిషెల్‌దే. పెళ్లయి ముప్పై ఏళ్లయిన జంట వార్షికోత్సవానికి ప్యారిస్ వెళ్లి పోట్లాడుకుంటుంది. సాన్ సెబాస్టియన్‌లో ఆయనకు ఉత్తమ నటుడి బహుమతి తెచ్చింది. చూసి హోటల్ గదిలాంటి నిశ్శబ్దంలోకి జారిపోతే నా పూచీ లేదు.

ఒంటరిగా, పుస్తకం చదివే మూడ్‌లో ఉంటే 2017 నాటి 'ది సెన్స్ ఆఫ్ యాన్ ఎండింగ్'. జూలియన్ బార్న్స్ బుకర్ నవలను తెరకెక్కించింది 'లంచ్‌బాక్స్' తీసిన మన రితేశ్ బాత్రా. తన గతాన్ని తనకు నచ్చినట్టు గుర్తుంచుకున్న స్వార్థపరుడి కథ. నాకు నవల ఎక్కువ నచ్చింది, కానీ ఆ మనిషిలోని చిరాకుతనాన్ని బ్రాడ్‌బెంట్ మన చిరాకుగా మార్చకుండా మోసుకొచ్చాడు.

నాలుగోది 2023లో వచ్చిన 'ది అన్‌లైక్లీ పిల్‌గ్రిమేజ్ ఆఫ్ హెరాల్డ్ ఫ్రై'. మరణశయ్య మీద ఉన్న పాత సహోద్యోగికి ఉత్తరం పోస్టు చేద్దామని బయలుదేరిన ముసలాయన, డబ్బాలో వేయకుండా ఇంగ్లండు దక్షిణాన ఉన్న డెవన్ నుంచి స్కాట్లండ్ సరిహద్దులోని బెరిక్ దాకా నడిచేస్తాడు. మొదటి అరగంట బంగారం. దారిలో శిష్యబృందం పోగయ్యాక సినిమా పాకం ముదిరిన లడ్డూ అయిపోయింది. నాలుగింటిలో వదిలేయాల్సింది ఇదే.

పిల్లల కోసమైతే 'ప్యాడింగ్టన్' మొదటి రెండూ చాలు. స్లగ్‌హార్న్ 2009 నాటి 'హాఫ్ బ్లడ్ ప్రిన్స్'లో ఉన్నాడు. పడక్కుర్చీగా మారి దాక్కునే ప్రవేశం తమాషాగా ఉంటుంది గాని, హాగ్రిడ్ గుడిసెలో తాగి, తన శిష్యురాలు ఇచ్చిన చేపపిల్ల ఒక రోజు మాయమైన సంగతి చెప్పే చోట ఆగి చూడండి. మంత్రాల సినిమాలో మంత్రం లేకుండా కట్టిపడేసిన రెండు నిమిషాలు అవి.

ఇంత జాబితా చూసి నిట్టూర్చినవారి కోసం చివరగా ఒకటి దాచాను. అరగంట కూడా ఉండదు. 'ఎ సెన్స్ ఆఫ్ హిస్టరీ', 1992. మైక్ లీ దర్శకత్వం, రాసింది మాత్రం బ్రాడ్‌బెంటే. ఒక ఎర్ల్ దొరవారు తన ఎస్టేటులో నడుస్తూ, వంశప్రతిష్ఠ గురించి డాక్యుమెంటరీ కెమెరాకు గర్వంగా చెప్పుకుపోతుంటారు. మొదట మామూలు గొప్పలే. తర్వాత ఆ ఎస్టేటు తన చేతికి ఎలా వచ్చిందో చెప్పడం మొదలుపెడతారు. అక్కడి నుంచి గొంతు ఒక్క పిసరు కూడా మారదు, మన చేతిలో కాఫీ చల్లారిపోతుంది.

2002లో రాణిగారి ప్రభుత్వం ఓబీఈ బిరుదు ఇస్తానంటే, నటులకంటే అర్హులైనవాళ్లు చాలామంది ఉన్నారని వద్దన్న మనిషి రాసిన దొర ఆయన.